పూసలు లెక్కపెట్టేవాళ్లూ, పాట కట్టేవాళ్లూ

జర్మనీలో కాల్వ్ ఒక చిన్న ఊరు. 1894లో అక్కడి గడియారాల కార్ఖానాలో ఒక కుర్రాడు పనికి కుదిరాడు. పాదరీల బడి నుంచి పారిపోయినవాడు, ఏ చదువులోనూ నిలవనివాడు. చర్చి గోపురాలకెక్కించే పెద్ద గడియారాల పళ్లచక్రాలకు ఆకురాయి పట్టడం అతని పని. ఏడాదికి పైగా ఆ పనిలోనే ఉన్నాడు. కార్ఖానా యజమాని పేరు హైన్రిఖ్ పెరో. దాదాపు యాభై ఏళ్ల తర్వాత ఆ కుర్రాడు రాసిన నవలలో, సంగీతాన్నీ గణితాన్నీ ఒకే తీగకు గుచ్చిన ఒక వింత ఆటకు ఆద్యుడిగా బాస్టియన్ పెరో అనే పాత్ర వస్తుంది. అతని ఊరూ కాల్వే. నవల పేరు 'గాజుపూసల ఆట'. రాసినవాడు హెర్మన్ హెస్సే.

ఆ పెరో చేసింది చిన్న వస్తువే. పిల్లలు కూడికలు నేర్చుకునే పూసల చట్రం లాంటిది. అందులో తీగలు స్వరలిపి గీతలకు, పూసలు స్వరాల నిడివికి గుర్తులు. సంగీత విద్యార్థి ఒకడు పూసలతో ఒక పల్లవి కూర్చి పెడితే, రెండోవాడు దాన్ని పెంచుతాడు, తిరగేస్తాడు, ఎదురుగా మరొకటి నిలబెడతాడు. ఆటను తర్వాత గణితజ్ఞులు అందుకున్నారు. భాషాశాస్త్రజ్ఞులు, తార్కికులు, వాస్తుశిల్పులు ఒకరి వెనక ఒకరు వచ్చి చేరారు. క్రమంగా పూసలు పోయి పేరొక్కటే మిగిలింది. బాఖ్ ఫ్యూగ్ ఒకటి, గణిత సూత్రం ఒకటి, ప్రాచీన గ్రంథంలోని ఆలోచన ఒకటి తీసుకుని, మూడింటినీ ఒకే గుర్తుల భాషలో రాసి, వాటి మధ్య ఉన్న చుట్టరికాన్ని బయటపెట్టడమే ఆ ఆట. ఆడేవాళ్లకు అది ధ్యానం, చూసేవాళ్లకు ఉత్సవం. ఈ ఆట కోసమే కాస్టాలియా అనే ప్రాంతం ఉంటుంది. అక్కడి పండితులకు పెళ్లి లేదు, ఆస్తి లేదు, బయటి ప్రపంచపు గొడవ లేదు. జొసెఫ్ క్నెష్ట్ అనే అనాథ బాలుడు అక్కడ చేరి, మెట్టు మెట్టుగా ఎక్కి, ఆటకు అధిపతి అవుతాడు. క్నెష్ట్ అంటే జర్మన్‌లో పాలేరు, సేవకుడు అని అర్థం.

హెస్సే 1931లో మొదలుపెట్టిన ఈ పుస్తకాన్ని నాజీ జర్మనీ అచ్చుకు ఒప్పుకోలేదు. 1943లో స్విట్జర్లాండ్‌లోని జ్యూరిక్‌లో వెలువడింది. మూడేళ్లకు, 1946లో ఆయనకు నోబెల్ బహుమతి వచ్చింది. ఇందులో దక్షిణాది ముడి ఒకటుంది. హెస్సే తల్లి మేరీ పుట్టింది కేరళలోని తలశ్శేరిలో. ఆమె తండ్రి మరెవరో కాదు, మలయాళానికి వ్యాకరణం, నిఘంటువు రాసిన హెర్మన్ గుండర్ట్. 1847లో తొలి మలయాళ పత్రికను నడిపింది కూడా ఆ తాతే. మనవడు మాత్రం తన నవల మొదట్లోనే పత్రికలను ఉతికి ఆరేశాడు. మహానుభావుల ఇష్టమైన వంటకాల మీద వ్యాసాలు, గళ్లనుడికట్లు, తోచిన విషయం మీద తోచినవాళ్ల అభిప్రాయాలు చదువుకుంటూ కూర్చున్న కాలమని ఇరవయ్యో శతాబ్దాన్ని వెక్కిరించాడు. ఈ వ్యాసాన్నీ ఆ గంపలోనే వేసేవాడేమో!

ఇంతకీ ఈ నవలను ఎనభై ఏళ్లుగా చాలామంది ఒక రహస్య దర్శనంలా చదువుతున్నారు. విశ్వమంతా ఒకే నాదం, నాదమంతా ఒకే లెక్క, ఆ లెక్క తెలిస్తే అన్నీ తెలిసినట్లే అనే భావానికి దీన్ని వేదంగా భావిస్తున్నారు. పుస్తకంలో ఒక చిన్న సంగతి వాళ్ల కంట పడినట్టు లేదు. కాస్టాలియాలో సంగీత పండితులు కోకొల్లలు. కొత్తగా పాట కట్టేవాడు ఒక్కడూ లేడు. ఉన్నవాటిని పేర్చడమే తప్ప లేనిదాన్ని చేయడం వాళ్లు పూర్తిగా వదిలేశారు. హెస్సే ఆ ఆటను ఎంత ప్రేమగా వర్ణించాడో, దాని గొడ్డుతనాన్ని అంత నిర్దాక్షిణ్యంగా చూపాడు. దర్శనంగా కాదు, హెచ్చరికగా చదవాల్సిన పుస్తకమిది. ఆ హెచ్చరిక ఇప్పుడు అచ్చయినప్పటికంటే ఎక్కువ పనికొస్తుంది.

సంగీతానికీ అంకెకూ చుట్టరికం ఉందన్నది కట్టుకథ కాదు. తీగను సగానికి నొక్కితే పై షడ్జమం పలుకుతుంది. మూడింట రెండు వంతుల దగ్గర నొక్కితే పంచమం, నాలుగింట మూడు వంతుల దగ్గర మధ్యమం. వీణ మెట్ల మీద వేళ్లు నడిపే పిల్లలకు ఇది పాఠం చెప్పక్కర్లేదు. ఈ నిష్పత్తులను కనిపెట్టిన కీర్తి గ్రీకులు పైథాగరస్‌కు ఇచ్చారు, దానికొక కథ కూడా అల్లారు. ఆయన కమ్మరి కొలిమి పక్క నుంచి వెళ్తుంటే సుత్తుల చప్పుళ్లు శ్రుతిలో కలిసి వినిపించాయట. తూచి చూస్తే వాటి బరువులూ అవే నిష్పత్తుల్లో ఉన్నాయట. వెయ్యేళ్లకు పైగా ఈ కథను పండితులు గ్రంథం నుంచి గ్రంథానికి ఎక్కించారు. సుత్తులు తెచ్చి కొట్టి చూసినవాడు లేడు. కొట్టి చూస్తే తెలిసేది, సుత్తి బరువుకీ స్వరానికీ అలాంటి లంకె లేదని. తీగకు బరువులు వేలాడదీసి చూసినా ఆ లెక్క కుదరదు. స్వరం రెట్టింపు కావాలంటే బరువు రెండింతలు చాలదు, నాలుగింతలు కావాలి. పదహారో శతాబ్దంలో ఈ సంగతి బయటపెట్టినవాడు ల్యూట్ వాయించే సంగీతకారుడు, విన్సెంజో గలీలీ. సుప్రసిద్ధుడైన గెలీలియోకు తండ్రి.

అంకెల మీద భక్తి పెరిగినవాళ్లు దాచిపెట్టే ఇంకో సంగతి ఉంది. షడ్జమం నుంచి పంచమానికి వెళ్లి, ఆ పంచమాన్నే షడ్జమం అనుకుని మళ్లీ పంచమానికి వెళ్తూ పోతే, పన్నెండు అడుగుల్లో ఏడు స్థాయిలు దాటి మళ్లీ షడ్జమం చేరాలి. చేరం. పన్నెండు పంచమాల గుణకారం 129.75 దగ్గర తేలుతుంది, ఏడు స్థాయిలది సరిగ్గా 128. వందకు ఒకటిన్నర కూడా లేని ఈ తేడా చెవికి తెలుస్తుంది. విశ్వలయ అని పొగిడే లెక్క తన చుట్టు తానే పూర్తి చేసుకోలేదన్నమాట. పియానో శ్రుతి చేసేవాళ్లు ఆ మిగులును పన్నెండు స్వరాలకూ తలా కాస్త పంచి సర్దేస్తారు. గాయకులు ఆ పని గొంతుతో, గమకంతో, ఎవరూ చెప్పకుండానే చేస్తారు.

అలాగని అంకెల పిచ్చి ఉన్నవాళ్లంతా వట్టి చేతులతో మిగిలారనడం అన్యాయం. గ్రహాలు పాడతాయని యొహానెస్ కెప్లర్ మనసారా నమ్మాడు. 1619లో అచ్చయిన 'విశ్వ సామరస్యం' గ్రంథంలో ఒక్కో గ్రహానికి ఒక్కో స్వరమాలిక రాసిపెట్టాడు. భూమికి ఆయనిచ్చినవి మి, ఫ, మి అనే మూడే స్వరాలు. ఆ పాట ఎవరూ వినలేదు. అదే పుస్తకంలో, గ్రహం సూర్యుడి చుట్టూ తిరిగే కాలపు వర్గం దాని దూరపు ఘనానికి అనుపాతంలో ఉంటుందన్న మూడో నియమం ఉంది. ఉపగ్రహాలు ఎగరేసేవాళ్లు ఇప్పటికీ దాన్నే వాడతారు. కెప్లర్‌ను నిలబెట్టింది ఆయన నమ్మకం కాదు. అంతకుముందు అంగారకుడి కక్ష్య తన లెక్కకు కోణంలో ఎనిమిది నిమిషాలు, అంటే డిగ్రీలో ఏడో వంతు కంటే తక్కువ తేడా వస్తేనే, ఏళ్ల తరబడి పట్టుకున్న వృత్తాన్ని వదిలేసి దీర్ఘవృత్తాన్ని ఒప్పుకున్నాడు. కుదరని లెక్కను చించేయగల మనిషి ఎంత కల కన్నా ప్రమాదం లేదు.

ఇక పాచిక సంగతి. హెస్సే నవలలో వెదురుతోపులో ఒంటరిగా బతికే ఒక వృద్ధుడుంటాడు. చైనీయుల 'యీ చింగ్' సంప్రదాయంలో పుల్లలు వేసి ప్రశ్న చెప్పేవాడు. క్నెష్ట్ ఆయన దగ్గర కొన్ని నెలలుండి ఆ విద్య నేర్చుకుంటాడు, దాన్ని పూసల ఆటలో ఇమడ్చాలని ఉబలాటపడతాడు. వృద్ధుడు నవ్వి ఊరుకుంటాడు. తోటలో ప్రపంచాన్ని పట్టించడం కుదిరే పని కాదని ఆయన నమ్మకం. యీ చింగ్‌లో గుర్తులు 64. ఆరు గీతలు, ఒక్కో గీతకు రెండు రూపాలు, అంతే. పద్ధతి మాత్రం ఆషామాషీ కాదు. యాభై పుల్లల్లో ఒకటి పక్కన పెట్టి, మిగతా 49ని రెండు గుప్పిళ్లుగా విడదీసి, నాలుగేసి చొప్పున తీసేస్తూ పోవాలి. ఒక గుర్తు తేలేసరికి ఇలా 18 సార్లు చేయాలి. పుల్లలకు బదులు మూడు నాణేలు ఎగరేసినా పనవుతుంది, కాని సంభావ్యతలు మారిపోతాయి. పుల్లలతో పదహారింట ఒక వంతు వచ్చే గీత, నాణేలతో రెండు వంతులకు పెరుగుతుంది. కాకతాళీయమనేది కూడా కాకిని బట్టి, తాటిచెట్టును బట్టి ఉంటుంది!

అమెరికా స్వరకర్త జాన్ కేజ్ చేతికి 1951లో యీ చింగ్ గ్రంథం వచ్చింది. అంతకు కొన్నేళ్ల ముందే అహ్మదాబాద్ నుంచి న్యూయార్క్ వెళ్లిన గీతా సారాభాయ్ దగ్గర ఆయన భారతీయ సంగీతం గురించి నేర్చుకున్నాడు, బదులుగా ఆమెకు పాశ్చాత్య స్వరరచన నేర్పాడు. సంగీతం మనసును నిమ్మళింపజేయడానికన్న మాట ఆమె నుంచే తనకు దొరికిందని ఆయన చెప్పుకున్నాడు. తన ఇష్టాయిష్టాలు సంగీతంలోకి చొరబడకూడదని కేజ్ నాణేలు పట్టుకున్నాడు. 'మ్యూజిక్ ఆఫ్ చేంజెస్' అనే పియానో రచనలో ఏ స్వరం, ఎంతసేపు, ఎంత గట్టిగా అన్నదంతా బొమ్మా బొరుసూ తేల్చింది. నెలల తరబడి నాణేలు ఎగరేశాడు. అయితే నాణెం దేన్నుంచి ఎంచాలో ఆ పట్టికలు గీసింది ఎవరు? కేజే. అందులో సగం గళ్లలో నిశ్శబ్దం ఉండాలని నిర్ణయించిందీ కేజే. తన ఇష్టాన్ని వాకిట్లోంచి గెంటేశాననుకున్నాడు, అది పెరటి దారిన వచ్చి కూర్చుంది. ఇందులో తప్పేమీ లేదు. చెప్పుకున్నంత త్యాగం మాత్రం జరగలేదు.

ఇంతకంటే నిజాయితీ ఉన్న ఆట యూరప్‌లో రెండు శతాబ్దాల ముందే ఉంది. 1757లో కిర్న్‌బెర్గర్ అనే జర్మన్ స్వరకర్త, పాచికలు వేసి నాట్య సంగీతం కూర్చుకునే పుస్తకం అచ్చేశాడు. 1792లో అలాంటిదే మరొకటి మోజార్ట్ పేరు మీద వచ్చింది. అది ఆయనదేనని చెప్పడానికి గట్టి రుజువు లేదు. రెండు పాచికలు వేయాలి, వచ్చిన మొత్తాన్ని బట్టి పట్టికలోంచి ఒక ఖండిక తీసుకోవాలి. ఇలా 16 సార్లు. ఒక్కో సారికి 11 అవకాశాలు, మొత్తం 176 ఖండికలు. కాగితం మీద లెక్కేస్తే 11ను 16 సార్లు హెచ్చవేయాలి, దాదాపు 459 కోట్ల కోట్లు. నిమిషానికొక పాట వాయించినా అన్నీ పూర్తవడానికి 8,700 కోట్ల ఏళ్లు పడుతుంది. విశ్వం వయసు 1,380 కోట్ల ఏళ్లే.

ఈ అంకె విని నోరెళ్లబెట్టడం సహజం. నోరెళ్లబెట్టాల్సింది దానికి కాదు. ఏ పాచిక పడినా ముందు ఖండికతో వెనక ఖండిక అతికేలా ఆ 176నూ రాసిపెట్టినవాడి పనితనానికి. ఒక చోటైతే పదకొండు గళ్లలోనూ ఒకే ఖండికను పెట్టేశాడు, అక్కడ పాట తప్పకుండా ఒక మలుపు దగ్గర ఆగాలి కాబట్టి. పాచికను ఎంతవరకు నమ్మాలో అతనికి తెలుసు.

తెలుగు పాఠకులకు ఇదంతా పరాయి విద్య అనిపించనక్కర్లేదు. పదమూడో శతాబ్దపు శార్ఙ్గదేవుడి 'సంగీత రత్నాకరం'లో ఏడు స్వరాలను ఎన్ని వరసల్లో పేర్చవచ్చో లెక్క ఉంది. 5,040. ఆ వరసలన్నీ రాయకుండానే ఫలానా సంఖ్య గల వరస ఏదో చెప్పడం నష్టం, వరస ఇస్తే దాని సంఖ్య చెప్పడం ఉద్దిష్టం. ఛందస్సు చదివినవాళ్లకు ఈ మాటలు పరిచయమే. ఆ గ్రంథానికి 'సంగీత సుధాకరం' అనే వ్యాఖ్య రాసింది రాచకొండ ఏలిన రేచర్ల సింగభూపాలుడు. పద్నాలుగో శతాబ్దంలో, ఇప్పటి యాదాద్రి జిల్లా కొండల్లో, స్వరాల ప్రస్తారం మీద ఒక రాజు వ్యాఖ్యానం రాశాడు!

పదిహేడో శతాబ్దంలో, తెలుగులో యక్షగానాలు రాసిన తంజావూరు నాయకరాజు విజయరాఘవుడి కొలువులో వేంకటమఖి 'చతుర్దండి ప్రకాశిక' రాశాడు. రిషభ గాంధారాల జోడింపులు ఆరు, ధైవత నిషాదాలవి ఆరు, మధ్యమాలు రెండు. ఆరు ఆర్లు ముప్పయ్యారు, రెండింతలు 72 మేళాలు, అంటే ఏడు స్వరాల మూల రాగాలు. ఈ 72లో ఒకటి తగ్గించడం, ఒకటి పెంచడం ఫాలనేత్రుడి వల్ల కూడా కాదని సవాలు విసిరాడు. తర్వాతి కాలంలో కటపయాది సూత్రంతో మేళాలకు పేర్లు పెట్టారు. మాయామాళవగౌళలో మ అంటే 5, య అంటే 1, తిరగేస్తే 15. పేరులోనే మేళం అంకె దాచారు. పిల్లలకు సరళీ స్వరాలతో పాటు ఈ చమత్కారం నేర్పితే ఎంత సంబరపడతారో!

సవాలు విసిరిన ఆ వేంకటమఖే ఇంకో మాట చెప్పాడు. తన కాలంలో ఈ 72లో వాడుకలో ఉన్నవి 19 మాత్రమేనని. అంకె 72 గదులు కట్టింది, మనుషులు కాపురమున్నవి పందొమ్మిది. మిగతా గదుల్లో దీపం పెట్టడానికి తరాలు పట్టింది. త్యాగరాజు చేతిలో ఖరహరప్రియ మహారాగమైంది. గోదావరి లంకల్లో శంకరగుప్తంలో పుట్టిన మంగళంపల్లి బాలమురళీకృష్ణ 72 మేళాల్లోనూ కృతులు రాసి, 1952లో అచ్చు వేశారు. అక్కడితో ఆగక, రాగానికి కనీసం అయిదు స్వరాలుండాలన్న కట్టుబాటును దాటి మహతి, లవంగి అని నాలుగేసి స్వరాల రాగాలు, సర్వశ్రీ అని మూడు స్వరాల రాగం పాడారు. కొందరు విద్వాంసులు కన్నెర్ర చేశారు కూడా.

ఒక్కో మేళం నుంచి స్వరాలు తీసేస్తూ పోతే 483 జన్యాలు లెక్కకు వస్తాయి. 72తో హెచ్చవేస్తే 34,776. వక్ర రాగాలు దీనికి అదనం, రెండు మూడు మేళాల్లో పునరుక్తమయ్యేవి దీనిలో తరుగు. త్యాగరాజు వాడినవి రెండు వందల పైచిలుకు. ఆయనకు మిగతావి తెలియక కాదు. 34,776 చేయడానికి గుణకారం వస్తే చాలు, వాటిలోంచి రెండు వందలు ఏరడానికి ఒక జీవితం పట్టింది. సంగీతంలో కష్టమంతా ఆ ఏరుకోవడంలోనే ఉంది. గాజుపూసల భక్తులు, నాణేల భక్తులు ఎప్పుడూ తక్కువ చేసి చూపేది దాన్నే.

అంకెకూ పాచికకూ ముడిపెట్టిన పాత కథ మరొకటి నన్నయ అరణ్యపర్వంలోనే ఉంది. బాహుకుడి వేషంలో ఉన్న నలుడు రథం తోలుతుంటే, ఋతుపర్ణుడు దారి పక్కన తాండ్ర చెట్టును చూసి దాని ఆకులూ కాయలూ ఎన్నో చెప్పేస్తాడు. నలుడు నమ్మడు. రథం ఆపి, చెట్టు కూల్చి, లెక్కపెడతాడు. సరిపోతుంది. అలా లెక్క కట్టగలిగే విద్యనే ఋతుపర్ణుడు అక్షహృదయం అన్నాడు, పాచికల గుట్టు. ఆ కాలంలో పాచికలుగా ఆడింది తాండ్ర కాయలతోనే. ఈ కథలో అందరూ ఋతుపర్ణుణ్ణి మెచ్చుకుంటారు. మెచ్చుకోవాల్సినవాడు రథం దిగి లెక్కపెట్టిన నలుడు. పైథాగరస్ సుత్తుల కథకు వెయ్యేళ్ల పాటు అలాంటి సారథి దొరకలేదు.

ఇప్పుడు బజార్లో దొరికే సంగీత రహస్యాలు చూస్తే నలుడి అవసరం ఎంతో తెలుస్తుంది. 432 హెర్ట్జ్ అని ఒకటి యూట్యూబ్ నిండా ఉంది. సంగీతం ప్రపంచమంతా 440 శ్రుతిలో నడవడం కుట్ర అట, 432లో వింటే విశ్వంతో లయ కలుస్తుందట, జబ్బులు పోతాయట. 440ని 1939లో లండన్‌లో జరిగిన అంతర్జాతీయ సమావేశంలో ఒప్పుకున్నారు. వాద్యబృందాలు ఊరికొక శ్రుతి పెట్టుకుంటే పిల్లనగ్రోవి చేసేవాడికి, పియానో చేసేవాడికి కష్టమని పెట్టుకున్న ఒప్పందం అది. అంతకుముందు ఫ్రాన్స్ 1859లో 435 అని చట్టం చేసుకుంది. ఇంకా తమాషా ఏమంటే, హెర్ట్జ్ అంటే సెకనుకు ఇన్ని కంపనాలని. సెకను మనిషి చేసుకున్న ముక్క. రోజును 24గా, దాన్ని 60గా, మళ్లీ 60గా కోశారు. వేరేలా కోసి ఉంటే 432 ఇంకేదో అంకె అయ్యేది. కర్ణాటక సంగీతంలోనైతే ఈ ప్రశ్నే లేదు. ఎవరి గొంతు వాళ్లది, ఒకరిది ఒకటి శ్రుతి, ఒకరిది ఒకటిన్నర, ఇంకొకరిది అయిదున్నర. పాడే మనిషి మారితే షడ్జమం మారుతుంది. పాట మారదు.

సినిమా పేరులో ఒక అక్షరం అదనంగా పెడితే వసూళ్లు పెరుగుతాయని నమ్మేచోట ఇవన్నీ చెప్పి లాభమేమిటని ఎవరైనా అడగవచ్చు. పేరులో అక్షరం పెరిగితే పోయేది సిరా మాత్రమే. జబ్బు చేసినవాడు మందు మానేసి చెవిలో 432 పెట్టుకుంటే పోయేది వేరు.

దీనికంటే మర్యాదగా, చదువుకున్నవాళ్ల వేషంలో వస్తున్నది యంత్రాల సంగీతం. నాలుగు మాటలు టైపు చేస్తే నిమిషంలో పాట వస్తోంది. దీని వంశవృక్షం పాతదే. 1957లో అమెరికాలోని ఇల్లినాయ్ విశ్వవిద్యాలయంలో హిల్లర్, ఐజాక్సన్ అనే ఇద్దరు కంప్యూటర్‌తో నాలుగు తంత్రీ వాద్యాలకు ఒక రచన చేయించారు. యంత్రం యాదృచ్ఛికంగా స్వరాలు ఇచ్చేది, స్వరరచన నియమాలకు సరిపడనివాటిని జల్లెడ పట్టి పారేసేది. ఆ నియమాలు మనుషులు శతాబ్దాలుగా పాడి పాడి తేల్చుకున్నవి. ఇప్పటి యంత్రాలకు నియమాలు విడిగా చెప్పక్కర్లేదు. లక్షల పాటలు విని, దేని తర్వాత ఏది వచ్చే అవకాశం ఎక్కువో లెక్క కట్టుకుంటాయి. ఆపైన పాచిక వేస్తాయి. పాచికకు ఎంత స్వేచ్ఛ ఇవ్వాలో తేల్చే మీటను ఆ వృత్తిలోవాళ్లు టెంపరేచర్ అంటారు. తగ్గిస్తే విన్నదే వినిపిస్తుంది, పెంచితే పిచ్చి కూతలు కూస్తుంది.

సంగీతం, గణితం, పాచిక మూడూ ఒక్క చోట. హెస్సే కల నిజమైందని సంబరపడేవాళ్లున్నారు. నిజమైంది కాస్టాలియాయే. ఉన్న పూసలన్నీ ఒక్క గాదెలో పోసి, ఎన్ని రకాలుగా కావాలంటే అన్ని రకాలుగా పేర్చే చోటు. అక్కడికి కొత్త పూస బయటి నుంచి రావాలి. మూడు స్వరాలతో రాగమేమిటని పెద్దలు కోప్పడుతున్నా పాడే మొండివాడి దగ్గర్నుంచి రావాలి. గాదె నిండేది అలాంటివాళ్ల పంటతో. వాళ్లను అడగకుండా, వాళ్లకు కూలీ ఇవ్వకుండా గాదె నింపుకోవడం సమంజసం కాదు. ఈ యంత్రాలు దొంగ సరుకని కాదు, పనికిరావనీ కాదు. నేర్చుకునేవాడికి తంబురా పక్కన మెట్రోనోమ్ ఉన్నట్టే ఇవీ ఉండవచ్చు. కాని పేర్పును సృష్టి అని పిలిచే తొందర మంచిది కాదు. అలా పిలిస్తే మొదట నష్టపోయేది యంత్రం పక్కన హార్మోనియం పెట్టుకు కూర్చున్న కుర్ర సంగీత దర్శకుడే.

పాచికను, లెక్కను, పద్యాన్ని ఒక్క వేదిక మీద కలిపి మనిషిని పరీక్షించే ఆట ఒకటి తెలుగువాళ్ల దగ్గర ఎప్పటి నుంచో ఉంది. అష్టావధానంలో పృచ్ఛకుడు ఏ సమస్య ఇస్తాడో, ఏ అక్షరం నిషేధిస్తాడో అవధానికి ముందు తెలియదు. మధ్యలో ఒకరు గంట కొడుతుంటారు, ఇంకొకరు వీపు మీద పూలు విసురుతుంటారు, ఎన్నో చెప్పాలి. ఫలానా తేదీ ఏ వారమో చెప్పాలి. మరొకాయన సంబంధం లేని మాటలతో విసిగిస్తుంటాడు. వీటన్నిటి నడుమ ఛందస్సు తప్పకుండా పద్యం రావాలి, చివరికి అన్నీ ధారణ చేయాలి. తిరుపతి వేంకట కవులు ఊరూరా తిరిగి దీన్ని జనంలోకి తెచ్చారు. అవధాని పూలు సరిగ్గా లెక్కపెడితే సభ చప్పట్లు కొడుతుంది. మంచి పద్యం పడితే మాత్రం దాన్ని ఇంటికి తీసుకెళ్తుంది. ఏది గణనమో, ఏది కవిత్వమో ఆ సభలో ఎవరికీ అనుమానం రాదు. అవధానం చేసినవాళ్లు విడిగా కావ్యాలు రాసుకోవడానికి సిద్ధపడ్డారు కాని, అవధానమే కావ్యమని ఎక్కువమంది వాదించలేదు.

హెస్సే నవలలో క్నెష్ట్ ఆ శిఖరం మీద ఎక్కువ కాలం నిలవలేదు. ఆటకు అధిపతిగా ఉంటూనే, బయటి లోకం లేకుండా ఈ ఆటకు అర్థం లేదని తేల్చుకుని, పదవికి రాజీనామా ఇచ్చేశాడు. విశ్వరహస్యాలు వదిలి ఒక స్నేహితుడి కొడుక్కి పాఠాలు చెప్పడానికి వెళ్లాడు. వెళ్లిన కొద్ది రోజులకే, కొండ సరస్సులో ఈదుతున్న కుర్రాడి వెంట చల్లటి నీళ్లలోకి దూకి చనిపోయాడు. ముగింపు ఇంత అర్ధాంతరమా అని విసుక్కునే పాఠకులున్నారు. మహాక్రీడాధిపతి చివరికి కోరుకున్నది ట్యూషన్ మాస్టారి ఉద్యోగమన్న సంగతి వాళ్లు మరోసారి చూడాలి.

ఆ ఉద్యోగం చేసేవాళ్లు తెలుగునాట ప్రతి బడిలోనూ ఉన్నారు. వాళ్లకొక విన్నపం. ఆది తాళం ఆవర్తానికి 8 అక్షరాలు, అక్షరానికి నాలుగు చొప్పున 32 మాత్రలు. మృదంగ విద్వాంసుడు ఒక జతిని మూడుసార్లు, మధ్యలో రెండు సమాన విరామాలతో వేసి సమానికి వస్తే అది తీర్మానం. తదిగిణతోం అయిదు, రెండుసార్లు కలిపి పది. పది, విరామం ఒకటి, పది, విరామం ఒకటి, పది. మొత్తం 32. జతి, విరామం ఎంతెంత ఉండాలన్నది ఎనిమిదో తరగతి పిల్లలు చేయగల సమీకరణం. మూడు జతులు, రెండు విరామాలు కలిపి 32 అంతే. దీనికి సహజ సంఖ్యల్లో అయిదు జవాబులున్నాయి. జతి పదైతే విరామం ఒకటి, ఎనిమిదైతే నాలుగు, ఆరైతే ఏడు, నాలుగైతే పది, రెండైతే పదమూడు. లెక్కల మాస్టారు ఈ ప్రశ్నను బోర్డు మీద రాసి, పిల్లల చేత అయిదు జవాబులూ కట్టించి, బల్ల మీద దరువు వేయించాలి. సంగీతం టీచరు ఉన్న బడైతే ఆమెను కూడా పిలవాలి. వేయడం అయ్యాక, అయిదింటిలో ఏది బాగుందని అడిగి చేతులెత్తించండి. అక్కడ మాత్రం క్లాసంతా ఒక్క మాట మీదికి రాదు.